కూరకుండలో మదియర్

మా తమ్ముడి కూతురు జెనోబియా సినిమాలు తీస్తుంది. సినిమాలనగానే టికెట్లూ, పేలాల పొట్లాలూ ఊహించుకోకండి. ఆ పిల్ల తీసేవాటిలో కథ ఉండదు, పాట ఉండదు, ఎవరూ ఎవర్నీ ప్రేమించరు. ఒకసారి మా వీధి చివర మంగలి షాపులో నేల మీద పడ్డ జుట్టుని పావుగంట సేపు చూపించింది. ఇంకోసారి తీసిన ఫిల్ముని నా ఇత్తడి దువ్వెనతో, అంటే పొయ్యి మీద వేడి చేసి మేము జుట్టు సాపు చేసుకునే దువ్వెనతో, బరబరా గీకేసింది. తెర మీద ఆ గీతలు వానలా పడుతుంటే, "ఇవి మన ఆడవాళ్ళ శనివారం సాయంత్రాలు అత్తా" అంది. నాకైతే శనివారమూ కనపడలేదు, సాయంత్రమూ కనపడలేదు. దువ్వెన మాత్రం పాడైంది. ఆ తర్వాత మరో ఫిల్ముని మా పెరట్లో పాతిపెట్టింది. మట్టి దాన్ని కొంచెం కొంచెం తిని బొమ్మలు వేస్తుందట. మట్టి మొదలుపెట్టేలోపే పక్కింటి కుక్క తవ్వుకుపోయింది.

"ఇదంతా ఎందుకే తల్లీ? చక్కగా మనుషుల్ని మనుషుల్లా తియ్యరాదూ?" అని అడిగాను ఒకరోజు.

"పెద్ద సినిమాల వాళ్ళు మన నల్లవాళ్ళని వాళ్ళ కొలతలకి కుడతారు అత్తా. మనకెక్కడా పట్టదు. అయితే దొంగలం, లేకపోతే వంటమనుషులం. మన చొక్కా మనమే కుట్టుకోవాలి."

"కుట్టుకో, కాదన్నానా? కానీ చేతులెక్కడ దూర్చాలో తెలీని చొక్కా కుడితే ఎలాగే?"

పకపకా నవ్వింది. ఆ పిల్ల నవ్వితే నాకు ఇంకేమీ గుర్తుండదు. నాకు పిల్లల్లేరు. అదే నా ప్రాణం, ఆ మాట దాని మొహం మీదే చెబుతాను.

నేనెవరో చెప్పలేదు కదూ. నా పేరు ఎర్లీన్. షికాగోలో మా సౌత్‌సైడ్ చర్చిలో తెల్ల తొడుగులు వేసుకుని గుమ్మం దగ్గర నిలబడే అషర్లందరికీ నేనే పెద్దని. నేను చెయ్యెత్తితే ఏడ్చే బిడ్డ కూడా ఆగుతుంది. ప్రతి ఆగస్టులో మా టాలివర్లందరూ ఒకచోట చేరే కుటుంబ రీయూనియన్‌కి కూడా నేనే అధ్యక్షురాలిని. ఆ పదవి మరెవరికీ వద్దు, అందుకని నాకు ఉండిపోయింది.

మా అమ్మ ఆర్జెల్లా టాలివర్. ఇంటిల్లిపాదీ, ఆమాటకొస్తే చర్చి అంతా, ఆమెని మదియర్, అంటే 'మదర్ డియర్', అంటారు. అప్పటికి తొంభై నిండాయి. మిసిసిపీ నుంచి షికాగో వచ్చేటప్పుడు ఇద్దరు పిల్లల్నీ, ఒక ఇనుప కూరకుండనీ వెంటబెట్టుకుని రైలెక్కింది. మేమిద్దరం అంతంతమాత్రంగా తేలాం గానీ కుండ మాత్రం నేటికీ దిట్టంగా ఉంది.

అమ్మకి ఫొటో అంటే పడదు. పడదంటే మామూలుగా కాదు. మా ఇళ్ళల్లో ఉన్న ఫొటోలన్నీ తీసి చూడండి, అమ్మ ఉండాల్సిన చోట ఒక మూసుకుంటున్న తలుపో, ఒక అరచెయ్యో, వెనక్కి తిరిగిన టోపీయో ఉంటుంది. నా పెళ్ళి ఫొటోలో కేకు వెనకాల నుంచి రెండు ఈకలు పైకి లేచి ఉంటాయి. అది మా అమ్మ. ఎందుకమ్మా అంటే, "నా మొహం, నా ఇష్టం" అనేది. అంతకుమించి ఒక్క ముక్క చెప్పేది కాదు.

అలాంటి మనిషి వెంట జెనోబియా ఆ చలికాలమంతా పడింది. మోకాళ్ళకి నూనె రాసింది, పిప్పరమెంటు బిళ్ళలు తెచ్చింది, రోజూ బైబిలు చదివి వినిపించింది. చివరికి మే నెలలో అమ్మ ఒప్పుకుంది. ఒప్పుకుని, నన్నూ తమ్ముడినీ సాక్షులుగా కూర్చోబెట్టి షరతులు చెప్పింది.

"ఒక్క రీలే. దానికి రెండో కాపీ ఉండకూడదు. రీయూనియన్‌లో అందరి ముందూ వెయ్యాలి. నాకు నచ్చిందా, ఉంచుకో. నచ్చలేదా, అక్కడికక్కడే మీ నాన్న మాంసం కాల్చే బొగ్గుల్లో పడేస్తా. మళ్ళీ జన్మలో అడక్కూడదు."

"సరే మదియర్."

"ఏడవకూడదు."

"ఏడవను మదియర్" అంది జెనోబియా, అప్పటికే ఏడుస్తూ.

వరండాలో కుర్చీ వేసి తీశారు. అమ్మ ఆదివారం టోపీ పెట్టుకుని, పళ్ళ డాక్టరు ముందు కూర్చున్నట్టు బిగుసుకుని కూర్చుంది. వెలుగు మొహం మీద పడాలని నేను తెల్లదుప్పటి పట్టుకుని నిలబడ్డాను. రీలు కడిగించుకుని వచ్చాక జెనోబియా మొదట మా ఇంట్లోనే గోడ మీద వేసి చూపించింది. ఏం చెప్పమంటారు! మా అమ్మ, నిండుగా, ప్రతి ముడతా కనిపించేంత స్పష్టంగా! నేను వెక్కి వెక్కి ఏడ్చాను.

"ఇంక దీన్ని ముట్టుకోకు. దేవుడి మీద ఒట్టు, ఇంతకన్నా ఎవరూ తియ్యలేరు" అన్నాను.

అది పెదవి విరిచింది. "ఇది ఒట్టి ఫొటోలా ఉంది అత్తా. అద్దంలా ఉంది. ఇందులో మదియర్ లేదు. ఆవిడ నడిచొచ్చిన దారి లేదు, మట్టి లేదు, మన వంటిల్లు లేదు."

"వంటిల్లు ఎందుకే మధ్యలో?"

ఎందుకంటే దాని బుర్రలో అప్పటికే కుండ ఎక్కి కూర్చుంది. అమ్మ మిసిసిపీ నుంచి తెచ్చిన ఆ కుండలో మేము కూర వండుకునే కాలర్డ్ ఆకులు వేసి, గోరువెచ్చటి ఆ పసరులో ఫిల్ముని కాసేపు నాననిస్తుందట. అంచుల్లో కొంచెం ఆకుపచ్చ దిగుతుందట. చిన్న చిన్న ముక్కల మీద చేసి చూసిందట, అద్భుతంగా వచ్చిందట. నేను నెత్తీ నోరూ బాదుకున్నాను. ఉన్నది ఒక్కటే రీలే పిల్లా, పసరులో ముంచడానికి అది పచ్చడిముక్కా అన్నాను. వింటే కదా! వాళ్ళ నాయనమ్మ మొండితనం దీనికి ఒక్కదానికే వచ్చింది.

రీయూనియన్‌కి ముందురోజు తమ్ముడి ఇంట్లో, అంటే వాళ్ళింట్లోనే, పొయ్యి మీద కుండ పెట్టింది. సన్నటి సెగ. ఆకులూ నీళ్ళూ పోసి, ఫిల్ముని చుట్టలా అందులో దింపి మూత పెట్టింది. ప్రొజెక్టరు తేవడానికి బయల్దేరుతూ, "నాన్నా, ఆ కుండ ఎవర్నీ ముట్టుకోనివ్వకు" అని చెప్పింది. మా తమ్ముడు లెవెస్టర్ టీవీలో బేస్‌బాల్ చూస్తున్నాడు. "ఊఁ" అన్నాడు. బేస్‌బాల్ చూస్తుండగా ఇల్లు అంటుకుందని చెప్పినా వాడు ఊఁ అనే అంటాడు.

నేను మా ఇంట్లో జుట్టుకి రోలర్లు చుట్టుకుంటుంటే ఫోను మోగింది. మా మరదలు కోరిన్, లెవెస్టర్ పెళ్ళాం, జెనోబియా తల్లి.

"వదినా! వింటే నమ్మవు. నా కూతురు కూర వండుతోంది!"

కాలర్డ్ కూర విషయంలో నాకూ కోరిన్‌కీ ఏళ్ళ తరబడి పోటీ. నా కూరకి ఉప్పు తక్కువని తనంటుంది, తన కూరకి సిగ్గు తక్కువని నేనంటాను. అందుకని ముందు నాకు అసూయ పుట్టింది. ఆ తర్వాత కుండ గుర్తొచ్చింది.

"ఏ కుండలో కోరిన్?"

"పెద్ద కుండలోనే. కానీ వదినా, మూత తీసి చూద్దును కదా, మాంసం లేదు! ఒక్క ముక్క లేదు! రేపు టాలివర్లందరి ముందూ నా కూతురు మాంసం లేని కూర పెడితే నేను తలెత్తుకోగలనా? ఇంట్లో పొగబెట్టిన టర్కీ మెడలుంటే వేశాను. ఉల్లిపాయ, వెనిగరు, ఎండుమిరపకాయలు వేశాను. మంట పెద్దది చేశాను. ఇప్పుడు కుతకుతా ఉడుకుతోంది, ఇల్లంతా ఘుమఘుమ!"

"కోరిన్. ఆ కుండలో నల్లగా, పొడుగ్గా, రిబ్బనులాంటిది ఏమైనా కనపడిందా?"

"ఆఁ, కనపడింది. ఈ కాలప్పిల్లలు కొత్తగా ఏవో వేస్తారు కదా అని ఊరుకున్నా. ఏంటది?"

"మీ అత్తగారే! నువ్వు ఉడకేస్తున్నది మీ అత్తగారిని!"

అటువైపు ఫోను కింద పడ్డ చప్పుడూ, దాని వెనకాలే కోరిన్ కేకా వినిపించాయి. నేను రోలర్లతోనే, ఇంట్లో తొడుక్కునే చెప్పులతోనే, పట్టపగలు వీధిలో పరుగెత్తాను. అషర్ల పెద్ద అలా పరుగెడుతుంటే చూసినవాళ్ళు చర్చి కాలిపోతోందనుకుని నా వెనకాల రెండు వీధులు వచ్చారు.

వెళ్ళేసరికి ఇంకో ఘోరం. కోరిన్ నాతో ఫోన్లో మాట్లాడేముందే మొగుడికి రుచి చూడమని ఒక ప్లేటు పెట్టిందట, కంగారులో ఆ సంగతే మర్చిపోయిందట. మా తమ్ముడు టేబుల్ దగ్గర కూర్చుని దవడలు కష్టపడి ఆడిస్తున్నాడు.

"అక్కా, కూర అమృతంలా ఉంది గానీ ఈ కాడ ఎంతకీ నలగట్లేదు" అని నోట్లోంచి లాగడం మొదలెట్టాడు. జానెడు వచ్చింది. ఇంకా వస్తోంది.

"మింగకు! ఓరి దరిద్రుడా, మింగకు! అది అమ్మ!"

వాడు నిలువునా నీరైపోయాడు. తొంభై ఏళ్ళ తల్లిని కొరికిన కొడుకు మొహం ఎలా ఉంటుందో ఆ రోజు చూశాను. సరిగ్గా ఆ సమయానికి జెనోబియా ప్రొజెక్టరు మోసుకుంటూ లోపలికొచ్చింది. పొయ్యి చూసింది, తల్లిని చూసింది, తండ్రి గడ్డం మీద వేలాడుతున్న ఫిల్ముని చూసింది. కోరిన్ కొంగులా ఏప్రన్ ఎత్తి మొహం కప్పుకుంది.

తిడుతుందనుకున్నాను. ఏడుస్తుందనుకున్నాను. అది ప్రొజెక్టరు కింద పెట్టి, చల్లటి నీళ్ళు పట్టి, ఫిల్ముని కుండలోంచి మెల్లగా, బిడ్డకి స్నానం చేయించినట్టు తీసింది. ఆకు తుక్కు తుడిచింది, తండ్రి నోట్లోంచి వచ్చిన ముక్కని కడిగి అతికించింది. పెరట్లో బట్టలారేసే తాడు మీద క్లిప్పులతో పొడుగ్గా తగిలించింది. వెనిగరు వాసనకి పిచ్చుకలు కూడా అటు రాలేదు. కిటికీ దగ్గర నుంచి చూస్తే ఫిల్ము నిండా గోధుమరంగు మరకలు, బుడగలు, ముడతలు.

"పోనీ మళ్ళీ తీద్దాం. అమ్మని బతిమాలుకుందాం" అన్నాడు లెవెస్టర్.

"ఒక్క రీలే అంది నాన్నా. జన్మలో అడక్కూడదంది."

"ప్రొజెక్టరు పాడైందని చెప్పేద్దామే. రీయూనియన్ అధ్యక్షురాలిని, నేనే చెబుతా. నేను చెబితే నమ్ముతుంది" అన్నాను. చర్చి మనిషిని, అబద్ధానికి ముందుకొచ్చాను చూడండి, ఆ పిల్ల మీద అంత ప్రేమ నాకు.

"వద్దత్తా. వేస్తానని మాటిచ్చాను. వేస్తాను."

"వేసి? కాలిస్తే?"

"కాలుస్తుంది. అందులో మదియర్ ఇంకా ఉందో లేదో నాకే తెలీదు అత్తా. రేపే చూడాలి, అందరితో పాటు."

ఆ రాత్రంతా నేను ప్రార్థన చేస్తూ కూర్చున్నాను.

మర్నాడు చర్చి కింద హాల్లో టాలివర్లందరూ చేరారు. డెట్రాయిట్ వాళ్ళు, మెంఫిస్ వాళ్ళు, అందరికీ ఒకే రంగు టీషర్టులు. రంగు ఎంచింది కోరిన్. ఆవపిండి రంగు. అంతమంది ఒక్కచోట చేరితే హాలుకి కామెర్లు వచ్చినట్టుంది. అమ్మ మాత్రం టీషర్టు వేసుకోలేదు. లేతవంగపండు రంగు గౌను వేసుకుని, దానికి తగ్గ టోపీ పెట్టుకుని ముందు వరసలో కూర్చుంది. పక్క తలుపు తీస్తే బయట కార్లు పెట్టే చోట లెవెస్టర్ బొగ్గుల పొయ్యి ఉంది. బొగ్గులు ఎర్రగా ఉన్నాయి గానీ దాని మీద ఒక్క మాంసం ముక్క లేదు. సినిమా అయ్యేదాకా ఖాళీగా ఉంచమని అమ్మ ఆజ్ఞ. ఆకలికి పిల్లలు కాదు, పెద్దలే ఏడుస్తున్నారు.

మా కొత్త పాస్టర్ పెటిఫోర్డ్ కూడా వచ్చాడు. ఆ ఎండాకాలమే మా చర్చికి వచ్చిన కుర్రాడు. మహా మర్యాదస్తుడు. మా వాళ్ళెవరూ ఆయనకి ఇంకా సరిగా తెలియదు. ఎవరో ఆయనకి కూడా ఒక ఆవపిండి టీషర్టు అంటగట్టారు. టై మీద నుంచి దాన్ని తొడుక్కుని చివర్న కూర్చున్నాడు.

కిటికీలకి దుప్పట్లు కట్టాం. జెనోబియా తెర ముందుకొచ్చి నిలబడింది.

"ఇది శబ్దం లేని సినిమా. దయచేసి అందరూ నిశ్శబ్దంగా చూడండి."

"ఆమెన్!" అన్నారు వెనక నుంచి.

"అంటే... అస్సలు మాట్లాడకుండా."

"చెప్పు తల్లీ చెప్పు!" అంది మెంఫిస్ పిన్ని.

"అదే పిన్నీ, మాట్లాడొద్దనే చెబుతోంది" అన్నాను.

"మేమెక్కడ మాట్లాడుతున్నాం? ప్రోత్సహిస్తున్నాం!"

మా చర్చిలో నీళ్ళ గొట్టం పగిలిందని ప్రకటించినా నలుగురు ఆమెన్ అంటారు. అలాంటి వాళ్ళని మౌనంగా ఉండమంటే ఎలా ఉంటారు! జెనోబియా చేతులెత్తేసి ప్రొజెక్టరు తిప్పింది.

తెర మీద మొదట గోధుమరంగు. తర్వాత ఆకుపచ్చ. ఆ తర్వాత రెండూ కలిసి పొర్లాడాయి. బుడగలు పైకి లేచి పగిలాయి. హాలంతా నిజంగానే నిశ్శబ్దం అయిపోయింది, అదీ మంచి నిశ్శబ్దం కాదు. జబ్బుమనిషిని చూడ్డానికి వెళ్ళినవాళ్ళ నిశ్శబ్దం. నేను తెల్ల తొడుగుల్లో వేళ్ళు బిగించి, దేవుడా ఒక్క ముక్క, ఒక్క ముక్క కనిపించేట్టు చెయ్యి అని మొక్కుకుంటున్నాను.

అంతలో దీపం వేడికి ఫిల్ము వేడెక్కి వాసన మొదలైంది. టర్కీ మెడలు. వెనిగరు. ఉల్లిపాయ.

"ఎవరో కూర వేడి చేస్తున్నారు!" అని ఒకాయన లేచాడు. ఆకలితో ఉన్న టాలివర్లు సగం మంది తలలు తిప్పి వంటగది వైపు చూశారు.

"కూర్చోండి! అది సినిమా వాసన!" అని అరిచాను.

"సినిమాకి వాసన కూడానా? ఈ పిల్ల గొప్పదే!"

తెర మీద వరసగా అర్ధచంద్రాల్లాంటి గుర్తులు నడిచి వెళ్ళాయి. అవి లెవెస్టర్ పళ్ళ గాట్లని నాకూ, కోరిన్‌కీ, లెవెస్టర్‌కీ మాత్రమే తెలుసు. వాడు తల దించుకున్నాడు.

అప్పుడు మరకల మధ్య, ఎడమవైపు, ఏదో ఒక ఏటవాలు గీతలాంటిది లేచింది. లేచి, కొంచెం పైకి ఎగిరి, అక్కడే ఆగింది.

డెట్రాయిట్ బావ దిగ్గున లేచి నిలబడ్డాడు. "ఆ భుజం! ఒరేయ్, ఆ భుజం చూడండ్రా! నువ్వు చెప్పేది నేను నమ్మలేదని ఎగరేసే భుజం!"

"మదియర్ భుజమే!"

"అదుగో టోపీ! పక్కకి వాలింది చూడు! ఎవరి మీదో కోపం వచ్చింది!"

"నీ మీదే అయ్యుంటుంది!"

ఇంక ఆపడం ఎవరి తరం? మొహం ఉండాల్సిన చోట ముక్కు లేదు, కళ్ళు లేవు. ఒక పెద్ద మరక, పాల మీద మీగడలా ముడుచుకుపోయి ఉంది. కింద మాత్రం చెయ్యి. బొటనవేలు చూపుడువేలిని మెల్లగా రుద్దుతోంది.

"బాబోయ్, వేలు రుద్దుతోంది!" మనవలున్న మా పెదనాన్న కొడుకు రెండు చెవులూ మూసుకున్నాడు. "చెవి మెలెయ్యబోయే ముందు అలాగే రుద్దేది! పారిపోండ్రా!"

"వాణ్ణి వదిలెయ్ మదియర్! పెద్దవాడయ్యాడు!"

"వదలొద్దు మదియర్! వాడే నిన్న నా కేకు ముక్క తిన్నాడు!"

ఇంతలో తెర మీద అడ్డంగా ఒక నల్లటి చుక్క పాకింది. మిరపగింజ ఒకటి ఫిల్ముకి అతుక్కుపోయింది. ఆ సంగతి మా వాళ్ళకేం తెలుసు!

"ఈగ! మదియర్, నీ మొహం మీద ఈగ!"

"కొట్టు మదియర్! కొట్టు!"

ఆ రోజు వరండాలో అమ్మ నిజంగా ఎందుకో చెయ్యెత్తింది. ఇప్పుడు తెర మీద ఆ చెయ్యి మరకల్లోంచి పైకి లేచి, సరిగ్గా ఆ గింజ మీదుగా ఊపింది. హాలు పైకప్పు ఎగిరిపోయింది. కుర్చీలు పడ్డాయి. మెంఫిస్ పిన్ని విసనకర్రతో పక్కవాడి నెత్తి మీద కొడుతూ "చంపేసింది! ఈగని చంపేసింది!" అని గెంతులేసింది. జెనోబియా ప్రొజెక్టరు పక్కన నిలబడి నోరు తెరుచుకుని తెరని కాకుండా మనుషుల్ని చూస్తోంది.

రీలు అయిపోయింది. తెర తెల్లగా మిగిలింది. నవ్వులు మెల్లగా సద్దుమణిగాక అందరికీ ఒకేసారి గుర్తొచ్చింది, మాట్లాడాల్సిన మనిషి ఇంకా మాట్లాడలేదని.

"లైట్లు వెయ్యండి" అంది అమ్మ.

వేశాం. ఆమె మొహంలో ఏమీ లేదు. జెనోబియా రీలు ఊడదీసి రెండు చేతులతో తెచ్చి అందించింది. అమ్మ దాన్ని తీసుకుని, చేతికర్ర ఊనుకుంటూ పక్క తలుపులోంచి బయటికి నడిచింది. మేమంతా ఆవపిండి వరదలా ఆమె వెనకాల నడిచాం. లెవెస్టర్ బొగ్గుల పొయ్యి ముందు ఆగింది. రీలు ఎత్తి వాసన చూసింది.

"టర్కీ మెడ. వెనిగరు. దీన్ని ఎవరు వండారు?"

కోరిన్ నా వెనక దాక్కుంది. కానీ నేనంత వెడల్పు లేను. "నేనే అత్తయ్యా... తెలీక... కూరనుకుని..."

"ఉప్పు ఎక్కువేశావు."

"అవునత్తయ్యా."

నేను మనసులో ఏళ్ళ తరబడి చెబుతున్న మాట అది, కానీ ఆనందించే పరిస్థితిలో లేను. రీలు నిప్పుకి మూరెడు దూరంలో ఉంది. జెనోబియా నా చెయ్యి పట్టుకుంది. ఇచ్చిన మాట ప్రకారం ఏడవట్లేదు. దానికి బదులు నేనే ఏడుస్తున్నాను.

అమ్మ గుంపులోకి చూసింది. "పాస్టరూ. ఇలా రా నాయనా. నువ్వు దేవుడి మనిషివి, అబద్ధం చెప్పకూడదు. నీకేం కనపడింది?"

పాపం ఆ కుర్రాడు నన్ను చూశాడు, జెనోబియాని చూశాడు, నిప్పుని చూశాడు.

"మన్నించండి మదర్ టాలివర్. నాకు... బూజు కనపడింది. మన నేలమాళిగ గోడ మీద ఉంటుంది చూడండి, అలాంటిది. మధ్యలో ఈగ."

"నా మొహం?"

"మొహం ఎక్కడా కనపడలేదండీ."

జెనోబియా కళ్ళు మూసుకుంది.

"ఊఁ" అంది అమ్మ. అని, కర్ర మీద రెండు చేతులూ ఆనించి, మాకెప్పుడూ చెప్పని సంగతి చెప్పింది. యాభై దాటిన నేను ఆ మాట వినడం అదే మొదటిసారి.

"పెళ్ళికి ముందు, పత్తి చేలో ఉండగా, ఒక తెల్లాయన కెమెరా పట్టుకుని వచ్చాడు. నిలబడు పిల్లా, నవ్వు అన్నాడు. నవ్వాను. నవ్వకపోతే ఏమవుతుందో మా నాన్నకి తెలుసు, నాకూ తెలుసు. మరుసటేడు విత్తనాల కొట్టువాడు ఆ బొమ్మ వేసి క్యాలెండర్లు పంచాడు. నేను బట్టలుతకడానికి కొత్తగా ఒకింటికెళితే, వంటింటి గోడకి మేకు కొట్టి తగిలించి ఉన్నాను. బాగా వచ్చింది. కనురెప్పల వెంట్రుకలు కూడా కనపడుతున్నాయి. ఆ ఇంటావిడ సరిగ్గా ఆ బొమ్మ కిందే నన్ను నిలబెట్టి, నీ పేరేంటి అంది. చెప్పాను. మర్నాడు మళ్ళీ అడిగింది. ఏడాది పాటు ఆ గోడ మీదా ఉన్నాను, దాని కిందా ఉన్నాను. ఆ ఇంట్లో ఒక్కళ్ళంటే ఒక్కళ్ళు నన్ను గుర్తుపట్టలేదు."

ఎవరూ ఆమెన్ అనలేదు.

అమ్మ చేతిలో రీలుని అటూ ఇటూ తిప్పి చూసింది.

"దీంట్లో ముక్కు లేదు, కళ్ళు లేవు. వీళ్ళు వేలు చూసి చెవులు మూసుకున్నారు."

రీలుని జెనోబియా చేతిలో పెట్టి, దాని వేళ్ళని తనే మూసింది. జెనోబియా మాట తప్పి భోరుమంది. ఈసారి అమ్మ ఏమీ అనలేదు.

"లెవెస్టరూ, ఏం చూస్తున్నావు? నిప్పు వృథా అవుతోంది, ఆ పక్కటెముకలేవో వెయ్యి. పిల్లా, పద, ఇంకోసారి వెయ్యి ఇది. పాస్టరూ, నువ్వు ఈసారి నా పక్కన కూర్చో నాయనా. ఎక్కడ చూడాలో చూపిస్తా."